కీప్యాడ్ ఫోన్లోకి ఆట వచ్చిన దారులు

మొబైల్ ఆటల చరిత్ర రాయబూనిన వాళ్లలో చాలామంది 2008లో ఆపిల్ తెరిచిన ఆప్ స్టోర్ దగ్గర కథ ఎత్తుకుంటారు. దానికి ముందున్న కాలమంతటినీ "అప్పట్లో పాము ఆట ఉండేది" అనే ఒక్క ముక్కతో దాటేస్తారు. ఆ కాలంలోనూ, ఆ తరువాత మన ఊళ్లలో కీప్యాడ్ ఫోన్లు ఇంకా చేతుల్లో ఉన్న మరికొన్నేళ్లలోనూ జరిగింది చాలా ఉంది. అయితే దాన్ని ఆటల పేర్ల వరుసగా చెప్పుకుంటూ పోతే పాత ముచ్చట్లుగా మిగిలిపోతుంది. ఒక్కో కాలంలో ఆట ఫోన్లోకి ఏ దారిన వచ్చింది, ఆ దారి మీద సుంకం వసూలు చేసింది ఎవరు, సుంకం కట్టలేని వాళ్లు ఏ అడ్డదారి తొక్కారు అని అడిగితేనే ఆ ఆటలు అలా ఎందుకు ఉండేవో తెలుస్తుంది. ఈ వ్యాసం ఆ వరుసలోనే సాగుతుంది.

మొదటి దారి ఫ్యాక్టరీలోనే మొదలై ఫ్యాక్టరీలోనే ముగిసేది. ఫోను తయారయ్యేటప్పుడే ఆట దాని ఫర్మ్‌వేర్‌లో, అంటే ఫోను లోపల స్థిరంగా ఉండే ప్రోగ్రాములో, చేరిపోయేది. కొన్నవాడు దాన్ని తీసేయలేడు, కొత్తది చేర్చలేడు. 1994లో హగెనుక్ కంపెనీ తన ఎంటీ-2000 ఫోన్లో టెట్రిస్‌ను పెట్టింది. చేతి ఫోన్లో వచ్చిన తొలి ఆటగా సాధారణంగా దాన్నే చెబుతారు. జనం గుర్తు పెట్టుకున్నది మాత్రం 1997 చివర్లో వెలువడిన నోకియా 6110ను. అందులో మెమరీ, లాజిక్ అనే రెండు ఆటలతో పాటు తానెలి అర్మాంటో అనే నోకియా ఇంజనీరు తయారుచేసిన స్నేక్ ఉంది. పెరుగుతూ పోయే గీత తనను తాను తాకకుండా నడిపించాలన్న ఊహ అర్మాంటోది కాదు. 1976లో గ్రెమ్లిన్ అనే అమెరికా కంపెనీ ఆర్కేడ్ యంత్రాల కోసం చేసిన బ్లాకేడ్‌తోనే ఆ వంశం మొదలైంది. అర్మాంటో గొప్పతనమంతా ఆ ఊహను ఆనాటి ఫోను కొలతలకు కత్తిరించిన తీరులో ఉంది.

ఆ కొలతలు ఎంత ఇరుకో ఒకసారి చూడాలి. నోకియా 5110, 3310 వంటి ఫోన్ల తెర అడ్డంగా 84, నిలువుగా 48 చుక్కలు, అంటే మొత్తం 4,032 చుక్కలు. ఒక్కో చుక్కకు ఒక్క బిట్ చొప్పున లెక్క వేస్తే తెరంతా కలిపి 504 బైట్లు. తెలుగులో నిండుగా రాసిన నాలుగు ఎస్సెమ్మెస్‌లు 560 బైట్లు ఆక్రమిస్తాయి కాబట్టి, ఆ నాలుగు సందేశాలు పట్టే చోటులో ఒక ఆట తెర మొత్తం ఇమిడిపోయి ఇంకా కాస్త మిగులుతుంది. పైగా ఆ ఎల్‌సీడీ తెర చాలా మందకొడిది. బొమ్మ వేగంగా కదిలితే వెనుక నీడ చారలు మిగిలేవి. పాము ఆటలో ఒక్కో అడుగుకు మారేది రెండు చోట్లే: తల ముందు ఒక గడి వెలుగుతుంది, తోక చివర ఒక గడి ఆరిపోతుంది, మధ్యలో ఉన్న ఒళ్లంతా కదలకుండా అలాగే ఉంటుంది. అంత నెమ్మది తెర మీద అంత వేగం చూపించడానికి ఇంతకంటే తగిన ఆట నాకు తోచదు. 2, 4, 6, 8 మీటలు నాలుగు దిక్కులు కావడంతో ఫోను మీద అదనంగా ఏ బటనూ అవసరం రాలేదు.

అర్మాంటో చేసిన మరో పనిని ఆడినవాళ్లెవరూ గమనించి ఉండరు. పాము గోడకు తగిలిన క్షణంలోనే ఆట ముగించకుండా, కొన్ని మిల్లీసెకన్ల గడువు ఇచ్చాడు. ఆ లోపల బటను నొక్కితే పాము మలుపు తిరిగి బతికిపోతుంది. చివరి నిమిషంలో తప్పించుకున్నామన్న సంతోషంలో సగం ఆ గడువు పుణ్యమే. వేగం 1 నుంచి 9 దాకా మనమే ఎంచుకునేవాళ్లం, మేత ముక్కకు వచ్చే పాయింట్లు ఆ వేగాన్ని బట్టి పెరిగేవి. నింపాదిగా ఆడితే పాము ఎక్కువసేపు బతుకుతుంది కానీ స్కోరు పెరగదు. ఇన్‌ఫ్రారెడ్ ద్వారా రెండు 6110లను ఎదురెదురుగా పెట్టి ఇద్దరు ఆడే సదుపాయం కూడా అప్పుడే ఉంది.

2000లో వచ్చిన 3310లో స్నేక్ 2, స్పేస్ ఇంపాక్ట్, పెయిర్స్ 2, బంటూమి అనే నాలుగు ఆటలు ఉండేవి. స్నేక్ 2లో ఒక పక్క గోడలోంచి దూరి రెండో పక్క నుంచి బయటకు రావడం కుదిరింది, అడ్డుగోడల దారులు వచ్చాయి. స్పేస్ ఇంపాక్ట్ గురించి అందరూ మాట్లాడతారు కనుక దాన్ని వదిలేస్తాను. బంటూమి దగ్గర మాత్రం ఆగాలి, ఎందుకంటే ఆ పేరు చూసి దాన్ని ఎప్పుడూ తెరవని తెలుగువాళ్లు చాలామంది ఉన్నారు. తెరిచి ఉంటే అది తమ అమ్మమ్మలు చింతగింజలతో ఆడిన వామనగుంటలకు దగ్గరి చుట్టమని పోల్చుకునేవారు. ఆఫ్రికా నుంచి ఆసియా దాకా వ్యాపించిన మంకాలా కుటుంబానికి చెందినవే ఈ రెండూ. మన పీటలో వరుసకు ఏడు చొప్పున రెండు వరుసల గుంటలు ఉంటాయి; బంటూమిలో వరుసకు ఆరే, కానీ చెరో చివర ఒక పెద్ద గుంట అదనంగా ఉంటుంది, గింజలు పంచుకుంటూ వెళ్లేటప్పుడు మన పెద్ద గుంటలోనూ ఒకటి వేయాలి. ఆఖరి గింజ అందులో పడితే మళ్లీ మన వంతే. వామనగుంటల్లో గింజలు అయిపోయాక పక్క గుంటలోవి తీసుకుని పంచుతూ పోవడం, ఖాళీ గుంట ఎదురైతే దాని అవతలి గుంటలోవి గెలుచుకోవడం ఉంటుంది కాబట్టి ఒక్క ఎత్తే ఎంతో దూరం సాగుతుంది. బంటూమిలో ఎత్తులు పొట్టివి, ముందుగా లెక్క కట్టడానికి వీలైనవి. ఫోను ప్రత్యర్థిగా కూర్చుని ఎత్తు వేయాలంటే ఈ రెండో పద్ధతే తేలిక. నలుపు తెలుపు తెర మీద మన పెద్దవాళ్లు ఎవరి సాయం లేకుండా ఆడగలిగిన ఆట ఏదైనా ఉంటే అది ఇదే, కానీ దాన్ని వాళ్లకు చూపించాలన్న ఊహ మన ఇళ్లలో పెద్దగా ఎవరికీ రాలేదు.

మన దేశంలో ఈ దారి విశాలమైంది 2003లో. ఇన్‌కమింగ్ కాల్స్‌కు డబ్బు కట్టే పద్ధతి ఆ ఏడాది పోయింది. టార్చి లైటుతో, దుమ్ము దూరని రబ్బరు కీప్యాడ్‌తో నోకియా 1100 అదే ఏడాది వచ్చింది. ప్రపంచమంతటా 25 కోట్లకు పైగా అమ్ముడుపోయిన ఆ ఫోన్లో ఆటలు రెండే, స్నేక్ 2, స్పేస్ ఇంపాక్ట్ ప్లస్. ఊరంతటికీ అదే ఫోను, అవే ఆటలు కావడంతో పోటీ దానంతటదే పుట్టింది. స్కోరు పక్కన పేరు నమోదయ్యే ఏర్పాటు లేదు కాబట్టి రికార్డు కొట్టినవాడు ఫోను చేత్తో పట్టుకుని తిరిగి చూపించాల్సిందే, లేదా సాక్షులను ముందే కూర్చోబెట్టుకోవాల్సిందే. తరువాతి చౌక నోకియాల్లో స్నేక్ జెంజియా, 1200 వంటి వాటిలో బంతి మెట్ల మీద దిగే రాపిడ్ రోల్ వచ్చాయి. ఈ కాలమంతటా ఆటకు విడిగా వెల లేదు. ఫోను ధరలోనే అది కలిసిపోయింది. ఆట మధ్యలో మనకు ఏదో అమ్మజూపే ప్రయత్నం ఎవరూ చేయలేదు. ఇప్పటి ఆటలు చూస్తుంటే అది ఎంత గౌరవప్రదమైన ఏర్పాటో అనిపిస్తుంది.

రెండో దారి జావా అనే ప్రోగ్రామింగ్ భాష తెరిచింది. సన్ మైక్రోసిస్టమ్స్ చిన్న పరికరాల కోసం రూపొందించిన జే2ఎంఈ అనే జావా రూపం 2000 నుంచి ఫోన్లలోకి రాసాగింది. ఇకపై ఫోను కొన్న తరువాత కూడా ఆట చేర్చవచ్చు. ఒకసారి రాస్తే ఎక్కడైనా నడుస్తుందన్నది జావా ఇచ్చిన మాట. ఆ మాట ఫోన్లలో నీటిమూటే అయింది. 2000 నాటి తొలి ప్రమాణంలో తెర నిండా బొమ్మ వేసే వీలు గానీ, హెచ్చరిక మోతలు తప్ప వేరే శబ్దం చేసే వీలు గానీ లేవు. అందుకని నోకియా తన సొంత అదనపు లైబ్రరీ ఇచ్చింది, మిగతా కంపెనీలు తమ తమవి ఇచ్చాయి. తెర కింద ఉండే ఎడమ, కుడి సాఫ్ట్ కీలను నొక్కితే ప్రోగ్రాముకు అందే సంఖ్య నోకియాలో -6, -7. సీమెన్స్‌లో -1, -4. మోటరోలాలో -21, -22. తెరలు 128×128, 128×160, 176×208, 176×220, 240×320. ఆట ఒకటే అయినా దానికి పదుల సంఖ్యలో వేర్వేరు ఫైళ్లు తయారుచేయక తప్పేది కాదు.

ఇక్కడే పోర్టింగ్ అనే పని పుట్టింది, అందులో కొంత మన హైదరాబాదుకూ చేరింది. ఫ్రాన్సుకు చెందిన గేమ్‌లాఫ్ట్ ఇక్కడ స్టూడియో నడిపింది. ఒక ఆటను ఒక ఫోను నుంచి మరో ఫోనుకు సరిపెట్టడం, సరిపెట్టింది సరిగ్గా ఉందో లేదో బల్ల మీద పరిచిన హ్యాండ్‌సెట్లలో ఆడి చూడటం ఆనాటి మొబైల్ గేమ్ స్టూడియోల రోజువారీ పని. పేరు తెరమీద కనిపించని ఈ పనిలో నేర్పు తక్కువేమీ కాదు. నోకియా తొలితరం సిరీస్ 40 ఫోన్లలో ఆట జార్ ఫైలు, అంటే ఆట మొత్తాన్నీ మూటకట్టిన ఫైలు, 64 కిలోబైట్లు దాటకూడదు. జావా ప్రోగ్రామును క్లాసులనే ముక్కలుగా రాస్తారు, ప్రతి క్లాసు ఫైలుకూ కొంత అదనపు బరువు ఉంటుంది కాబట్టి పుస్తకాల్లో నేర్పిన పద్ధతులన్నీ పక్కన పెట్టి మొత్తం ఆటను ఒకటి రెండు క్లాసుల్లో కుక్కేవారు. ప్రతి పీఎన్‌జీ బొమ్మకూ మళ్లీ ఒక శీర్షిక బరువు ఉంటుంది కాబట్టి నడిచే మనిషి, దూకే మనిషి, నాణెం, రాయి అన్నీ ఒకే పొడవాటి బొమ్మలో పేర్చి, ఆడేటప్పుడు అవసరమైన ముక్కను మాత్రమే తెర మీద వేసేవారు. ప్రోగ్రాములోని పొడుగు పేర్లన్నిటినీ ఒక్కో అక్షరానికి కుదించే సాధనం చివర్లో నడిపేవారు. ఇంత చేసినా ఫైలు ఇంకో కిలోబైటు ఎక్కువ ఉంటే బలి అయ్యేది సాధారణంగా సంగీతమే; అందుకే ఒకే ఆట ఒకరి ఫోన్లో పాటతో, మరొకరి ఫోన్లో మూగగా ఉండేది.

గ్రావిటీ డిఫైడ్ అనే బైకు ఆటను ఈ దృష్టితో చూస్తే దాని తెలివి అర్థమవుతుంది. స్వీడన్‌కు చెందిన కోడ్‌బ్రూ 2004లో విడుదల చేసిన ఈ ఆటలో నేలంటే ఒక గీత, కొండంటే వంకర తిరిగిన గీత. బొమ్మల బరువు అంత తగ్గించుకుని, మిగిలిన చోటంతా బైకు బరువు, ఊపు, చక్రం జారడం లెక్క కట్టడానికి వాడారు. గేమ్‌లాఫ్ట్ 2006 నాటి డైమండ్ రష్ ఇందుకు పూర్తిగా భిన్నం. అంగ్‌కోర్ వాట్ శిథిలాల్లో రాళ్లు దొర్లించుకుంటూ వజ్రాలు ఏరుకునే ఆ ఆటలో తెరంతా ఒకే కొలత గడులుగా విభజించి, కొద్దిపాటి గడి బొమ్మలనే పదే పదే పేర్చి గుహలు కట్టారు. రెండూ పొదుపు నుంచి పుట్టిన అందాలే, కానీ నన్ను అడిగితే మొదటిదానికే ఓటు వేస్తాను.

ఈ కాలంలో సుంకం వసూలు చేసింది టెలికాం ఆపరేటర్లు. 2003లో సేవలు విస్తరించిన రిలయన్స్ సీడీఎంఏ ఫోన్లలోని ఆర్ వరల్డ్, తరువాత ఎయిర్‌టెల్ లైవ్ వంటి మెనూల్లో ఎవరి ఆట పైన కనిపిస్తే వారి ఆటే అమ్ముడయ్యేది. ముంబయికి చెందిన ఇండియాగేమ్స్, నజారా వంటి సంస్థలు క్రికెట్టూ సినిమా తారల పేర్లూ పెట్టుకుని ఆ మెనూల కోసమే ఆటలు చేశాయి. ప్రీపెయిడ్ బ్యాలెన్సు నుంచి కోసిన డబ్బులో సింహభాగం ఆపరేటరుదే. మిగిలింది మధ్యవర్తి, తయారుచేసినవాడు పంచుకోవాలి. అలాంటప్పుడు కొత్త ఊహ కోసం నెలల తరబడి పని చేయడం కంటే తెలిసిన ముఖాన్ని ఆట మొదటి తెర మీద అతికించడమే లాభసాటి. ఆనాటి మన ఆటలు అంత పేలవంగా ఉండటానికి కారణం తయారుచేసినవాళ్ల చేతకానితనం కాదు, డబ్బు పంచుకున్న తీరు. ఫిన్లాండులో ఇలాంటి ఇరుకు మధ్యే కొందరు ఎదిగారు. 2003లో నోకియా, హెచ్‌పీ నిర్వహించిన పోటీలో గెలిచిన ముగ్గురు విద్యార్థులు పెట్టిన రెల్యూడ్ సంస్థే తరువాత రోవియోగా మారింది. సిరీస్ 40 ఫోన్లతో పాటే వచ్చిన బౌన్స్ టేల్స్ ఆ సంస్థ చేతి పనే. 2009లో యాంగ్రీ బర్డ్స్‌తో పేరు రాకముందు వాళ్లు ఎర్ర బంతిని దొర్లించారన్నమాట.

మన ఊళ్లలో ఆపరేటరు మెనూ తెరిచి ఆట కొన్నవాళ్లు బహు తక్కువ. జీపీఆర్‌ఎస్ అనే ఆనాటి ఫోను ఇంటర్నెట్ కిలోబైట్ల లెక్కన బ్యాలెన్సు తినేస్తుందన్న భయం ఒకటి, తెలియకుండా ఏదో సర్వీసు యాక్టివేట్ అవుతుందన్న భయం ఇంకొకటి. కాబట్టి ఆట వచ్చిన అసలు దారి, అంటే మూడో దారి, బస్టాండు దగ్గరి మొబైల్ షాపు. నేను చదువుకున్న ఊళ్లో అలాంటి షాపులు ఒకే వరుసలో నాలుగైదు ఉండేవి. ముందు గాజు బల్ల, దాని కింద పౌచులు, చార్జర్లు, కీప్యాడ్ రబ్బర్లు. వెనుక ఒక కంప్యూటరు, దానికి కార్డు రీడరు. మెమరీ కార్డు తీసి ఇవ్వగానే కుర్రాడు "మోడలేంటి తమ్ముడూ?" అని అడిగేవాడు. ఆ ప్రశ్న పాటల కోసం కాదు, ఆటల కోసమే. అతని కంప్యూటర్లో పాటలు హీరోల పేర్ల మీద, ఆటలు తెర కొలతల మీద విడివిడి ఫోల్డర్లలో ఉండేవి. ప్యారిస్‌లోనో హైదరాబాదులోనో ఇంజనీర్లు మోడల్ వారీగా విడదీసిన ఫైళ్లను ఇక్కడ ఈ కుర్రాడు మళ్లీ ఫోల్డర్లలోకి సర్దుకున్నాడు. సగం జ్ఞాపకం మీద, సగం తిరిగొచ్చి తిట్టిన గిరాకీల మీద ఆధారపడి ఆ వర్గీకరణ పక్కాగా కుదిరింది. పదో ఇరవయ్యో ఇస్తే కార్డు నిండా పాటలు ఎక్కించి, అడగకపోయినా ఆటలు కొసరుగా వేసేవాడు.

ఆ ఆటలన్నీ దొంగ కాపీలే అన్నది దాచాల్సిన పని లేదు. వాటిని ఎవరో ఎక్కడో తాళం పగలగొట్టి, చిన్న ఫోన్ల కోసం ఉండే వ్యాప్ సైట్లలో పెడితే, అవి కంప్యూటరు నుంచి కార్డుకు, కార్డు నుంచి బ్లూటూత్ మీద పక్కవాడి ఫోనుకు ప్రయాణించాయి. మొదటి తెర మీద తాళం తీసినవాడి మారుపేరు, ఆ తరువాత మెనూ అంతా రష్యన్ అక్షరాల్లోనో చైనీస్ అక్షరాల్లోనో కనిపించడం మామూలే. పై నుంచి మూడోది నొక్కితే ఆట మొదలవుతుంది, ఆఖరిది నొక్కితే బయటకు వస్తుంది అని గుర్తు పెట్టుకుని ఆడేవాళ్లం. పెద్ద తెర ఫైలు చిన్న ఫోన్లో వేస్తే సగం మైదానమే కనిపించేది. చిన్న తెర ఫైలు పెద్ద ఫోన్లో వేస్తే ఆట ఒక మూల కూర్చుని మిగతా అంతా తెల్లగా ఉండేది. తయారుచేసినవాళ్లకు ఈ దారి నుంచి పైసా రాలేదు, అది అన్యాయమే. అయితే ఆపరేటరు మెనూ ఎన్నడూ పట్టించుకోని ఊళ్లకు ఆటల ఎంపిక అనేది చేరింది మాత్రం ఈ షాపుల వల్లనే.

2008 తరువాత మీడియాటెక్ చిప్పుతో చైనాలో తయారైన చౌక ఫోన్లు, వాటి మీద మైక్రోమ్యాక్స్, కార్బన్, లావా వంటి మన కంపెనీల పేర్లు వెల్లువెత్తాయి. వాటిలో కొన్నిటికి జావా ఉండేది, కొన్నిటికి ఎంఆర్‌పీ, వీఎక్స్‌పీ అనే వేరే రకం ఫైళ్లు కావాలి, మరికొన్నిటిలో ఏకంగా పాత నింటెండో ఆటలను నడిపే ఎమ్యులేటరే ఉండేది. షాపు కుర్రాడి ఫోల్డర్లు ఇంకా పెరిగాయి.

ఆ దారులన్నీ మూసుకుపోయిన తీరు చప్పగా ఉంటుంది. ఆపరేటర్ల నెలవారీ ఆటల చందాలకు గట్టి దెబ్బ 2013లో తగిలింది. ఏ అదనపు సేవనైనా మొదలుపెట్టే ముందు వినియోగదారు రెండుసార్లు ఒప్పుకోవాలని టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ ఆదేశించింది. కుర్రకారు ఆండ్రాయిడ్‌కు మారిపోవడంతో మెమరీ కార్డు వ్యాపారం కరిగిపోయింది. మిగిలిన కీప్యాడ్ ఫోన్లలో స్నేక్ జెంజియా పక్కన గేమ్‌లాఫ్ట్ రుచి చూపే ఆటలు చేరాయి. కాసేపు ఆడగానే ఆగిపోయి, పూర్తి ఆట కావాలంటే ఎస్సెమ్మెస్‌తో కొనమంటాయి. 2017లో కైఓఎస్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌తో వచ్చిన జియోఫోన్‌లో ఆటలంటే వెబ్ పేజీలే. ఫైలు ఎక్కించే దారి అందులో లేదు, అన్నీ స్టోరు ద్వారా రావాల్సిందే.

ఇప్పుడు ఆ జావా ఆటలను మళ్లీ ఆడాలనుకునేవాళ్లు ఆండ్రాయిడ్ ఫోన్లో జే2ఎంఈ లోడర్ అనే ఉచిత ఆప్ వేసుకుంటున్నారు. పాత మెమరీ కార్డులో దొరికిన జార్ ఫైలును దానికి అందించగానే అది ముందుగా తెర కొలత ఎంతో చెప్పమంటుంది. కొలత సరిగ్గా చెప్పినా ఒక్కోసారి సాఫ్ట్ కీలు పని చేయవు. అప్పుడు సెట్టింగులలోకి వెళ్లి కీ కోడ్‌ల వరుసను సీమెన్స్‌కో మోటరోలాకో మార్చి చూడాలి. ఏ ఫైలు ఏ ఫోను కోసం తయారైందో చాలాసార్లు పేరులో ఉండదు, కాబట్టి ఒక్కొక్కటీ మార్చి చూసుకోవడమే పద్ధతి. నా దగ్గరున్న డైమండ్ రష్ 128×160 ఫైలు. దానిలో సంగీతం లేదు.